కారు రన్నింగ్ బోర్డు, తలుపుల లోపల తుప్పు: విశాఖ బండ్లకు ఏం చేయాలి, ఎలా చేయాలి

మీ ఇల్లు లాసన్స్ బే కాలనీలో, సముద్రానికి అరకిలోమీటరు లోపు. నాలుగేళ్ళ హ్యాచ్‌బ్యాక్, పార్కింగ్ ఆరుబయటే. సర్వీసుకు ఇస్తే అండర్ బాడీ యాంటీ రస్ట్ కోటింగ్ వేయించుకోమన్నారు. అది వేయిస్తే తలుపుల లోపల, వాటి కింద పొడవునా పోయే రన్నింగ్ బోర్డు లోపల కూడా తుప్పు ఆగుతుందా అన్నది మీ ప్రశ్న.

ఆగదు. ఆ నల్ల కోటింగ్ బండి కింద బయటికి కనబడే రేకుకే. రాళ్ళు తగిలి పెయింటు లేచిపోకుండా అది బాగానే పనికొస్తుంది, కానీ మీరు అడిగిన చోట్లకు అది చేరనే చేరదు. పైగా హడావుడిగా కొట్టేస్తే లోపలి నీళ్ళు బయటికి పోయే కన్నాలు కూడా పూడిపోతాయి, అప్పుడు వేయించకముందు కంటే పరిస్థితి చెడుతుంది. లోపలి భాగాలకు కావలసింది మొదట నీళ్ళు పోయే దారి, తర్వాత పూర్తి పొడి, ఆ తర్వాతే మెత్తగా ఉండి అతుకుల్లోకి పాకే మైనపు పూత. ఈ వరస తప్పితే పెట్టిన డబ్బు దండగ.

కారు బాడీలో బలం కోసం రెండు మూడు రేకులు కలిపి స్పాట్ వెల్డింగ్ చేసిన బోలు భాగాలు చాలా ఉంటాయి. ముందు చక్రం నుంచి వెనక చక్రం దాకా తలుపుల కింద పోయే రన్నింగ్ బోర్డు, తలుపుల మధ్య పిల్లర్లు, ఇంజను పక్కన, డిక్కీ కింద పోయే ఛాసిస్ మెంబర్లు, వెనక చక్రం పైన లోపలి రేకూ బయటి రేకూ కలిసే అంచు, తలుపుల అడుగునా డిక్కీ డోర్ అడుగునా మడతపెట్టిన అంచు, బానెట్ లోపలి ఫ్రేము. వీటన్నిటిలో ముందుగా పోయేది రన్నింగ్ బోర్డు. గుద్దుకున్నప్పుడు బండి నలిగిపోకుండా ఆపేదీ, జాకీ పెట్టి లేపినప్పుడు బరువు మోసేదీ అదే కాబట్టి అందం కోసం కాకపోయినా దాన్ని కాపాడుకోవాలి.

తుప్పు పట్టడానికి నీరూ గాలీ చాలు, దాన్ని పరుగెత్తించేది ఉప్పు. మామూలు ఉప్పు గాలిలో తేమ 75 శాతం దాటితే నీటిని పీల్చుకుని కరిగిపోతుంది. సముద్రపు ఉప్పులో కలిసి ఉండే మెగ్నీషియం క్లోరైడ్‌కు 33 శాతం తేమ ఉంటే చాలు. మన ఊళ్ళో గాలి తేమ దాదాపు ఎప్పుడూ అంతకంటే పైనే. వానాకాలంలో వంటింట్లో ఉప్పు డబ్బా చెమ్మగిల్లినట్టే, రన్నింగ్ బోర్డు లోపల చేరిన ఉప్పు ధూళి వాన పడని రోజు కూడా తడిగానే ఉంటుంది. బయటి రేకును ఎండా గాలీ ఆరబెడతాయి, వాన కడుగుతుంది. లోపలి రేకుకు ఆ అదృష్టం లేదు.

కెరటాలు విరిగేచోట లేచే తుంపర ఒడ్డు నుంచి మొదటి కొన్ని వందల మీటర్లలోనే ఎక్కువగా పడుతుంది, లోపలికి పోయేకొద్దీ చాలా త్వరగా తగ్గిపోతుంది. అందుకే బీచ్ రోడ్డు, లాసన్స్ బే, సాగర్‌నగర్, రుషికొండ, భీమిలి తీరం వెంట ఉండే బండికీ, పెందుర్తి వైపు ఉండే బండికీ ఒకే జాగ్రత్త అక్కర్లేదు. తుపాను రోజుల లెక్క వేరు. 2014 అక్టోబరు 12న వచ్చిన హుద్‌హుద్ లాంటి గాలికి ఆ తుంపర మామూలుగా రానంత లోపలికి కొట్టుకొస్తుంది.

రెండు రేకులు కలిసే సందులో జరిగేది ఇంకా చెడ్డది. సందు లోపల తడికి గాలి అందదు, సందు నోటి దగ్గర తడికి అందుతుంది. ఈ తేడా వల్లే లోపలి ఇనుము కరగడం మొదలవుతుంది. తుప్పు అసలు ఇనుము కంటే కొన్ని రెట్లు ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది కాబట్టి అతుకును లోపలినుంచి విప్పదీస్తుంది, విచ్చుకున్నచోట ఇంకా నీరు చేరుతుంది. తలుపు అడుగున పెయింటు మీద బుడగ కనబడే సమయానికి ఆ వెనక పని చాలావరకు అయిపోయి ఉంటుంది.

ఫ్యాక్టరీలో రక్షణ లేదని కాదు. బాడీ మొత్తాన్ని ప్రైమర్ తొట్టిలో ముంచి కరెంటుతో పూత పట్టిస్తారు. బయటి రేకు మీద అది 20 మైక్రాన్ల (మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) దరిదాపు వస్తుంది. బోలు భాగం లోపలికి కరెంటు సరిగా చేరదు కాబట్టి అక్కడ పలచబడుతుంది, వెల్డింగ్ చేసిన రెండు రేకుల మధ్యకు చాలాచోట్ల వెళ్ళదు. జింకు పూసిన గాల్వనైజ్డ్ రేకు వాడితే కొన్నేళ్ళు కాస్తుంది గానీ అది ఏయే ప్యానెళ్ళకు వాడారన్నది మోడల్‌ను బట్టి మారుతుంది. నాలుగేళ్ళ బండి అంటే మీరు మంచి సమయంలోనే అడిగారు. ఇంకో నాలుగేళ్ళు ఆగి ఉంటే ఈ సమాధానం టింకరింగ్ గురించి రాయాల్సి వచ్చేది.

ఏ సరుకు కొనాలో చూద్దాం. డబ్బా మీద కావిటీ వ్యాక్స్ అని స్పష్టంగా ఉండాలి. 3ఎం, వుర్త్, డైనిట్రాల్ లాంటి కంపెనీలు దీన్ని తయారుచేస్తాయి. ఇందులో మైనం, తుప్పును ఆపే రసాయనాలు ఒక సాల్వెంట్‌లో కరిగి ఉంటాయి. పలచగా ఉన్నప్పుడు సందుల్లోకి పాకుతుంది, సాల్వెంట్ ఎగిరిపోయాక మెత్తని పొర మిగులుతుంది. ఎప్పటికీ గట్టిపడకపోవడమే దాని గుణం. రేకు వేడికి సాగినా, కుదుపుకు కదిలినా పగలదు. మన ఎండల్లో ఇంకో సంగతి కూడా చూసుకోవాలి. ముదురు రంగు బండి రేకు ఏప్రిల్, మే మధ్యాహ్నాల్లో 60, 70 డిగ్రీలకు చేరుతుంది, కాబట్టి ఆరాక కనీసం 80 డిగ్రీల దాకా కారిపోదని టెక్నికల్ డేటా షీటులో రాసి ఉన్న రకమే తీసుకోండి. చల్లటి దేశాల కోసం చేసిన కొన్ని రకాలు ఇక్కడ ఎండ ముదరగానే కన్నాల్లోంచి చుక్కలు చుక్కలుగా దిగిపోతాయి.

గొర్రె ఉన్ని కొవ్వుతో చేసే లానోలిన్ స్ప్రేలు కూడా మంచివే, పాత తుప్పు మీద వ్యాక్స్ కంటే బాగా పాకుతాయి. కానీ ఏటా మళ్ళీ కొట్టాలి, తలుపు రబ్బరు బీడింగులకు తగిలితే అవి ఉబ్బుతాయి. కాలిన ఇంజనాయిల్‌లో డీజిల్ కలిపి కొట్టించుకునే అలవాటు లారీల దగ్గర నుంచి కార్లకూ వచ్చింది, దాన్ని మాత్రం దయచేసి దగ్గరికి రానివ్వకండి. వాడిన ఆయిల్‌లో దహనం వల్ల చేరిన ఆమ్లాలు ఉంటాయి, సస్పెన్షన్ బుష్‌లు పాడవుతాయి, బ్రేకు డిస్కుల మీద పడితే ప్రాణానికే ముప్పు. ఇక బోలు భాగంలో పీయూ ఫోమ్ నింపేయడం అన్నిటికంటే ఘోరం. నురగ తడిని పట్టి ఉంచుతుంది, రేకు లోపలినుంచి కుళ్ళిపోతుంది.

ఎంత కావాలి? హ్యాచ్‌బ్యాక్‌కు సుమారు రెండున్నర లీటర్లు, పెద్ద ఎస్‌యూవీకి మూడున్నర నుంచి నాలుగు. రన్నింగ్ బోర్డు ఒక్కో వైపు 350 మిల్లీలీటర్లు, తలుపు ఒక్కింటికి 120, ఛాసిస్ మెంబర్ల నాలుగు కొసలకూ తలా 150, వెనక చక్రాల పై అంచులకు చెరో 150, డిక్కీ డోర్‌కూ బానెట్‌కూ చెరో 100, మిగిలింది పిల్లర్ల అడుగులకు. షాపులో చేయిస్తున్నా ఈ లెక్క అడగండి. బండి మొత్తానికి ఒక 500 మిల్లీలీటర్ల స్ప్రే డబ్బాతో ముగించేస్తే అది పేరుకే పని.

పని పెట్టుకోవడానికి సంక్రాంతి తర్వాత నుంచి ఏప్రిల్ దాకా అనువైన కాలం. వర్షాలు మొదలయ్యాక లోపలి భాగాలు ఆరబెట్టడం చాలా కష్టం.

మొదట కన్నాలు. బండిని ర్యాంపు ఎక్కించండి, లేదా లేపి జాక్ స్టాండ్ల మీద నిలబెట్టండి. జాకీ ఒక్కదాన్ని నమ్మి కింద దూరవద్దు. రన్నింగ్ బోర్డు అడుగున రెండు రేకులు కలిసే అంచు వెంట చూస్తే, అక్కడక్కడ అతుకు వదిలేసి సన్నటి సందులు ఉంటాయి. ఒక్కో వైపు మూడు నాలుగు. తలుపు అడుగు అంచున రెండు మూడు చీలికలు ఉంటాయి. స్క్రూడ్రైవర్ పెట్టి గీకితే ఉన్న ప్రైమర్ పోతుంది, అందుకని ప్లాస్టిక్ కేబుల్ టై కొస లోపలికి దూర్చి తిప్పండి. బయటికి వచ్చేదాన్ని అరచేతిలో వేసుకుని చూడండి. మెత్తటి బూడిదరంగు మట్టి అయితే ఉత్త ధూళి. అందులో వేలితో నలిపితే పొడయ్యే గోధుమరంగు పెచ్చులు ఉంటే లోపల తుప్పు మొదలైనట్టు. కన్నంలోంచి నీళ్ళు ఒక్కసారిగా ధారగా పడితే అది ఎన్నాళ్ళుగానో నిలవ ఉన్న నీరు.

తర్వాత లోపలి ఉప్పు కడగాలి. ఉప్పు మీద వ్యాక్స్ పూస్తే ఉప్పును దాచిపెట్టినట్టే. తలుపు తెరిస్తే కాలు పెట్టేచోట ఉండే ప్లాస్టిక్ స్కఫ్ ప్లేట్ క్లిప్పులతో బిగించి ఉంటుంది, జాగ్రత్తగా లేపితే వస్తుంది. దాని కిందో, బండి అడుగునో రబ్బరు గ్రోమెట్ (బిరడా) మూసిన కన్నం దొరుకుతుంది. అందులో సన్నటి పైపు పెట్టి మామూలు కుళాయి ఒత్తిడితోనే, కింద నుంచి తేట నీళ్ళు వచ్చేదాకా వదలండి. తీరం పక్క కాలనీల్లో బోరు నీళ్ళు ఉప్పగా ఉంటే వాటితో కడగడం కంటే కడగకపోవడం మేలు, జీవీఎంసీ (నగరపాలక సంస్థ) కుళాయి నీళ్ళు వాడండి. వాటర్ సర్వీసింగ్ ప్రెషర్ గన్ లోపలికి పెట్టకండి, సీలెంట్ లేచిపోతుంది, వైరింగ్‌లోకి నీరు పోతుంది.

కడిగాక ముందు భాగం కొంచెం ఎత్తులో ఉండేలా బండిని ఓ గంట ఉంచి, తర్వాత వెనక భాగం ఎత్తులో ఉంచండి. ఆపైన గ్రోమెట్లన్నీ తీసేసి, తలుపులు బార్లా తెరిచి, రెండు పూర్తి రోజులు ఎండలో పెట్టండి. కంప్రెసర్ గాలి కొడితే తొందరగా ఆరుతుంది, కానీ ముందు ట్యాంకు అడుగున కాక్ తిప్పి చేరిన నీళ్ళు వదలాలి, లైనులో వాటర్ సెపరేటర్ ఉండాలి. మన తేమలో పొద్దుటి నుంచి నడిచిన కంప్రెసర్ ట్యాంకులో సాయంత్రానికి నీళ్ళు నిలుస్తాయి. వ్యాక్స్ కొట్టే గాలితోనే నీటి తుంపర కూడా వెళ్ళిందంటే అంతా వృథా. ఫోనుకు తగిలించే ఎండోస్కోప్ కెమెరా ఒకటి కొనుక్కోండి. అందులో లోపలి అతుకులు, మూలలు చూసి నీటి మెరుపు ఎక్కడా లేదంటేనే ముందుకు పోవాలి. ఈ పనికి నేను వ్యాక్స్ కొట్టే గన్ కంటే కెమెరానే ముఖ్యమైన పనిముట్టు అంటాను.

గన్‌కు మీటరు పైన పొడవున్న నైలాన్ గొట్టం, దాని కొసన చుట్టూరా చల్లే నాజిల్ కావాలి. వంపు నాజిల్ ఒకటి తలుపుల కోసం. గాలి ఒత్తిడి 4 నుంచి 6 బార్. ముందుగా అడుగు కోసేసిన నీళ్ళ బాటిల్‌లో నాజిల్ పెట్టి కొట్టి చూడండి. గోడ చుట్టూ సమానంగా పడాలి, ఒకవైపే పడుతుంటే నాజిల్ కన్నం పూడింది. గొట్టం మీద పది పది సెంటీమీటర్లకు టేపు చుట్టి గుర్తులు పెట్టుకుంటే లోపల ఎంత దూరం పోయిందో తెలుస్తుంది. గొట్టాన్ని చివరిదాకా తోసి, అప్పుడు ట్రిగ్గర్ నొక్కి, మీటరుకు 20 సెకన్ల వేగంతో వెనక్కి లాగండి. తోస్తూ కొట్టకూడదు, నాజిల్ ముందున్న ధూళి దానికి అంటుకుంటుంది. అదే కన్నం నుంచి రెండో విడత కొట్టి, అవతలి చివర కన్నం నుంచి మరో విడత కొట్టండి. రన్నింగ్ బోర్డు, పిల్లర్ల మధ్యలో చప్పుడు తగ్గడానికి ఫ్యాక్టరీలో పెట్టిన నురగ అడ్డుకట్టలు ఉంటాయి. గొట్టం అక్కడ ఆగిపోతే బలవంతంగా పొడవకండి, అవతలి పక్క కన్నం వెతకండి.

ఎంత పట్టిందో తెలియాలంటే వ్యాక్స్ డబ్బాను వంటింటి త్రాసు మీద ముందూ వెనకా తూచండి. 350 మిల్లీలీటర్లు అంటే రకాన్ని బట్టి సుమారు 300 గ్రాములు. కింది అతుకు వెంట సన్నటి తడి గీత బయటికి ఊరితే సందుల్లోకి చేరినట్టు. గంట ఆగి మళ్ళీ కేబుల్ టైతో కన్నాలన్నీ పొడిచి తెరవండి. చాలామంది ఈ చివరి పని మరిచిపోతారు, చిక్కబడిన మైనం కన్నాన్ని మూసేస్తుంది, తొలి వానకే నీళ్ళు లోపల నిలుస్తాయి. గ్రోమెట్లు తిరిగి పెట్టేముందు వాటి అంచులకూ కొంచెం వ్యాక్స్ రాయండి.

తలుపులకు అద్దాలు పూర్తిగా పైకెత్తి కొట్టాలి. తలుపు లోపలికి నీరు రావడం లోపం కాదు, అద్దం రబ్బరు పక్కనుంచి దిగిన వాన కింద చీలికల్లోంచి పోయేలానే దాన్ని తయారుచేస్తారు. వంపు నాజిల్‌తో అడుగున మడత అంచు వెంట, ఈ కొస నుంచి ఆ కొసకు. స్పీకరు, అద్దం మోటారు, గైడ్ ఛానెళ్ళు తప్పించండి. డోర్ ప్యాడ్ విప్పాల్సి వస్తే వెనక ప్లాస్టిక్ షీటు చిరగకుండా తీసి, మళ్ళీ బ్యూటైల్ టేపుతో గాలి దూరకుండా అతికించండి. అది సరిగా లేకే చాలా బండ్లలో కార్పెట్ తడుస్తుంది.

వైపర్ల కింద జాలీ, ముందు మడ్‌గార్డు లోపలి ప్లాస్టిక్ లైనర్ వెనక భాగం మీద తప్పక చెయ్యి వేయండి. చెట్టు కింద పార్క్ చేసే బండ్లలో బాదం ఆకులు, తురాయి పూరేకులు జాలీలో కుళ్ళి ముద్దవుతాయి. ఆ తడి మడ్‌గార్డు లోపలినుంచి దిగి రన్నింగ్ బోర్డు ముందు కొసన మట్టి దిబ్బలా చేరుతుంది. లైనర్ విప్పితే పిడికెడు తడి మట్టి దొరకడం మామూలే. దాని క్లిప్పులు పాతబడితే విరిగిపోతాయి, పదిహేను కొత్తవి ముందే ఆటోనగర్‌లో కొనిపెట్టుకోండి. డిక్కీలో స్టెప్నీ తీసి అడుగు తడిమి చూడండి. తడి ఉంటే తరచుగా టెయిల్ ల్యాంప్ గాస్కెట్టే కారణం.

కొన్ని చోట్ల చేయకూడదు. పైకప్పు పక్కల, ముందు పిల్లర్ పైభాగంలో కర్టెన్ ఎయిర్‌బ్యాగులు ఉండొచ్చు, అక్కడ వ్యాక్స్ వద్దు. మధ్య పిల్లర్ అడుగున సీటుబెల్టు చక్రం ఉంటుంది, దాన్ని ప్లాస్టిక్ కవరుతో కప్పి కట్టండి. సీట్ల కింద పసుపు (ఎయిర్‌బ్యాగు) కనెక్టర్లు కదపాల్సి వస్తే బ్యాటరీ టెర్మినల్ తీసి కనీసం పది నిమిషాలు ఆగండి. సైలెన్సర్, బ్రేకులు కప్పేయండి. కొత్త కన్నాలు వేస్తామంటే ఒప్పుకోకండి. రన్నింగ్ బోర్డు, పిల్లర్లలో అతిగట్టి స్టీలు వాడతారు. డ్రిల్ చేస్తే బలం తగ్గుతుంది, కోసిన అంచు తుప్పుకు ద్వారమవుతుంది, కంపెనీ వారంటీ విషయంలో పేచీ వస్తుంది. ఎలక్ట్రిక్ కార్లలో బ్యాటరీ రన్నింగ్ బోర్డుల మధ్యే ఉంటుంది కాబట్టి అక్కడ డ్రిల్ మాటే ఎత్తకూడదు, హై వోల్టేజీ కరెంటు పోయే నారింజ కేబుళ్ళ జోలికి పోకూడదు.

సాల్వెంట్ ఆవిరి అంటుకుంటుంది. సెల్లార్‌లో కాదు, ఆరుబయట చేయాలి, దగ్గర్లో సిగరెట్టు గానీ హీట్ గన్ గానీ ఉండకూడదు. తర్వాత ఒక రోజు తలుపులు తెరిచి ఉంచండి. వాసన వారం పది రోజులు ఉంటుంది, కన్నాల నుంచి ఒకటి రెండు రోజులు చుక్కలు పడతాయి, కింద అట్టలు పరవండి. పెయింటు మీద పడ్డది టర్పెంటైన్ అద్దిన గుడ్డతో తుడిస్తే పోతుంది.

ఇప్పటికే గోధుమరంగు పెచ్చులు వచ్చాయంటే? పైపై తుప్పు అయితే కడిగి ఆరబెట్టి, పలచగా పాకే రకం వ్యాక్స్ కొట్టి, ఏడాదికి మళ్ళీ కొట్టండి. ఆమ్లం ఉన్న రస్ట్ కన్వర్టర్ (తుప్పును గట్టి పొరగా మార్చే ద్రవం) బోలు భాగంలో పోయకండి, మిగిలిన ఆమ్లాన్ని కడిగి తీయలేరు. జాకీ పెట్టేచోట స్క్రూడ్రైవర్ పిడితో తట్టి చూడండి. గట్టి మోత రావాలి. మొద్దుగా మోగినా, రేకు లోపలికి నొక్కుకున్నా వ్యాక్స్ దశ దాటిపోయింది. అప్పుడు పైన పట్టీ పెట్టి రంగు కొట్టే టింకరింగ్ వద్దు, ఆరు నెలల్లో మళ్ళీ ఉబ్బుతుంది. మంచి రేకు తగిలేదాకా కోసి, అదే మందం రేకు వెల్డ్ చేసి, ఎపాక్సీ ప్రైమర్, సీమ్ సీలర్, రంగు, అన్నీ ఆరాక లోపలినుంచి వ్యాక్స్. యాక్సిడెంట్ రిపేరులో వెల్డింగ్ జరిగినా ఇంతే. ఆ వేడికి వెనకవైపు ప్రైమర్ మాడిపోతుంది, అక్కడ ఎవరూ మళ్ళీ ఏమీ పూయరు, మీరే అడిగి పూయించుకోవాలి. ముందే వ్యాక్స్ ఉన్న బండి అయితే వెల్డర్‌కు తప్పక చెప్పండి, అది మండుతుంది.

మీ ఇంటి దూరానికి రెండేళ్ళకోసారి వ్యాక్స్ మళ్ళీ కొట్టాలి, తీరానికి దూరంగా ఉండేవాళ్ళకు మూడేళ్ళు చాలు. కన్నాలు మాత్రం ఎవరైనా సరే ఏటా రెండుసార్లు, జూన్ వానల ముందు, అక్టోబరు తుపానుల ముందు పొడిచి చూడాలి. పది నిమిషాల పని, ఖర్చు లేదు. తడిసిన బండి మీద కవరు కప్పడం మానేయండి. ఆ నల్ల కోటింగ్ వేయించాలనుకుంటే ఈ పనంతా అయ్యాక వేయించండి, కొట్టేముందు ప్రతి కన్నం మీదా టేపు ముక్క మీరే దగ్గరుండి అంటించి, కోటింగ్ ఆరకముందే పీకేయండి.